బియ్యం ఇవ్వని పేరు

గోదావరిఖని,
ఫిబ్రవరి 12, 2012.

సారవ్వక్కా,

నీ కాళ్లకు మొక్కి మొదలుపెడుతున్నాను. పదో తరగతి పరీక్ష తర్వాత నేను ఇంత పొడుగు రాసింది లేదు. ఫోన్ చేయవచ్చు కదా అనుకుంటావు. చేశాను. రెండుసార్లు నీ దుకాణం నంబరు కలిపి, నువ్వు "ఎవలు" అనగానే పెట్టేశాను. ఈ సంగతులు నోటితో చెబితే, అదే నోటితో సాయంత్రం దీపం ముందు నామం ఎలా చెప్పుకోవాలి? రాస్తే చెయ్యి కడుక్కోవచ్చు. అందుకే కలం పట్టాను.

ఆయన నన్ను వదిలి కమాన్‌పూర్‌లో వేరే కాపురం పెట్టిన సంగతి నీ దాకా వచ్చే ఉంటుంది. ఆ ఇంట్లో ఉన్నామె గురించి నేనేమీ రాయను. మొదట్లో నెలకోసారి వచ్చి బియ్యం, పప్పు గడపలో పెట్టి వెళ్లేవారు. తర్వాత అదీ ఆగింది. దసరా తర్వాత, సమ్మె ముగిసి గనులు మళ్లీ నడవడం మొదలైన రోజుల్లో వచ్చి, క్వార్టర్ కంపెనీకి అప్పజెప్పుతున్నానని, సామాను సర్దుకొమ్మని చెప్పారు. మా బిడ్డ శోభ అత్తగారిల్లు రెండు గదులు. అందులో అయిదుగురు. నేనెక్కడికి పోవాలని అడిగాను.

"గుళ్లె కూసో. రోజు పోతనే ఉంటివి గద" అన్నారు.

అక్కా, ఆయన గనిలో దిగిన ప్రతి షిఫ్టూ, తిరిగి గుమ్మంలో చెప్పులు విడిచే వరకూ నేను నామం ఆపలేదు. ఆ గుడిని పట్టుకొని ఆయన అన్న మాట అది.

కోర్టులో మనోవర్తి కేసు వేశాను. వకీలు భర్త పేరు చెప్పమన్నాడు. ఏనాడూ నోటితో అన్నదాన్ని కాదు, కాగితం తీసుకొని నర్సింగం అని రాసిచ్చాను. సమన్లు గనికి పోయి తిరిగి వచ్చాయి. ఆ పేరుగల మనిషి ఇక్కడ పనిచేయడం లేదని రాశారు. ఎలా ఉంటాడు? అక్కడున్నది రఘుపతి. నీ భర్త పేరు. కొలువులో పేరెక్కిన నెలకే మా బావ జ్వరంతో పోతే, ఆ కొలువు పోకుండా తమ్ముడైన ఈయన అన్న పేరుతో గనిలో దిగారు. మా క్వార్టర్ల లైనులో ఇలా మారుపేరుతో దిగినవాళ్లు ఇంకా ఉన్నారు. ఇంటి పేరు ఇంటికి, గని పేరు గనికి అని అందరం బతికాం. అందుకే నాకు తట్టలేదు. కంపెనీ దవాఖానలో "సారవ్వ, భర్త రఘుపతి" అని పిలిస్తే లేచి వెళ్లింది నేనే. శోభను కన్నది కూడా నీ పేరుతోనే.

వకీలు తల పట్టుకున్నాడు. "గిది ముందుగాల చెప్పాలె గదమ్మా. ఆయన నర్సింగమని నిలబెడితె కొలువు ఊడుతది. జీతం లేనోని దగ్గర నీకేం ఇప్పిస్త? రఘుపతి అని ఒప్పుకుంటె నువ్వు ఆయన పెండ్లానివని ఎట్ల చూపిస్త?" అన్నాడు. చివరికి పిటిషన్‌లో పేరు మార్చి రఘుపతి అని రాయించాడు. నేను సంతకం పెట్టాను. నిన్ను అడగకుండా నీ భర్తను నా భర్తగా రాసుకున్నాను. ఇంటికి వచ్చి తలమీద నీళ్లు పోసుకున్నాను. ఆ చీదర పోలేదు.

కోపం పెట్టుకోకుండా ఒక్క మాట రాయి. ఆయన నీ దగ్గరికి ఏమైనా వచ్చారా?

నీ చెల్లె,
రాజకుమారి


బెల్లంపల్లి,
మార్చి 9, 2012.

రాజకుమారీ,

ఉత్తరం అందింది. నా రాత ఏడో తరగతి రాత, తప్పులుంటే సర్దుకొని చదువుకో.

పేరు రాసుకున్నందుకు నన్ను అడగడం దేనికి? ఆ పేరు నా దగ్గర ఎప్పుడుందని? ఆయన పోయిన రోజు మా మామ నా నోటికి చెయ్యి అడ్డం పెట్టాడు. గట్టిగా ఏడవొద్దు, కంపెనీ దాకా పోతుందన్నాడు. గాజులు పగలగొట్టలేదు, తీసి ఉట్టి మీద దాచారు. కంపెనీ నుంచి ఎవరో విచారణకు వస్తున్నారంటే మళ్లీ వేశారు. వాళ్లు వచ్చి, నన్ను చూసి, చాయ తాగి పోయారు. నేను లోపలికి పోయి మళ్లీ తీశాను. అప్పటికి నువ్వు ఆ ఇంటికి రాలేదు, నీకు ఎవరూ చెప్పి ఉండరు.

ఏటా పెత్రమాసకు అందరూ చనిపోయిన వాళ్ల పేర్లు చెప్పి అయ్యగారికి బియ్యం ఇస్తారు కదా. మన ఇంట్లో మామ పేరు చెబుతారు, అత్త పేరు చెబుతారు. ఆయన పేరు ఇప్పటి దాకా ఎవరూ చెప్పలేదు. గనిలో దిగే మనిషి పేరు మీద బియ్యం ఇస్తే కీడు అని మీ ఆయన అన్నాడు. నువ్వు కూడా తల ఊపావు. నీ పసుపుకుంకుమల భయం నీది. మా ఆయన బతికున్న వాళ్లలో లేడు, చనిపోయిన వాళ్లలోనూ లేడు. అంతే.

నన్ను ఈ కోర్టులోకి లాగొద్దు. ఇక్కడ గనులు మూతపడి దుకాణంలో బేరాలు లేవు. మోకాళ్లు పట్టేస్తున్నాయి. వచ్చాడా అని అడిగావు. ఈ ఊరికి ఎందరో వస్తారు, పోతారు.

సారవ్వ


గోదావరిఖని,
ఏప్రిల్ 21, 2012.

అక్కా,

నువ్వు రాసిన గాజుల సంగతి నాకు నిజంగా తెలియదు. దాని గురించి నిదానంగా రాద్దామనుకున్నాను. ఇంతలో అతని జవాబు కోర్టుకు వచ్చింది. వకీలు చదివి వినిపిస్తుంటే చెవులు మూసుకోవాలనిపించింది.

తాను రఘుపతి అట. భార్య సారవ్వ, మనస్పర్థలతో బెల్లంపల్లిలో వేరుగా ఉంటున్నదట. ఈ రాజకుమారి తన తమ్ముడు నర్సింగం భార్య అట. ఆ తమ్ముడు ఎన్నో ఏళ్ల కింద ఇల్లు విడిచి పోయాడట, ఎక్కడున్నాడో తెలియదట. దిక్కులేనిదని జాలిపడి ఇంట్లో చోటిస్తే, ఇప్పుడు చెడు బుద్ధితో తననే భర్త అంటున్నదట.

తనను తానే తప్పిపోయిన మనిషిని చేసుకున్నాడు. నన్ను బావతో కాపురం చేసినదాన్ని చేశాడు. ఇవన్నీ ఒకవైపు. నువ్వు అతనికి వదినెవు అక్కా. దసరా నాడు జమ్మి చేతిలో పెట్టి నీ కాళ్లకు మొక్కేవాడు, నేను పక్కనే ఉండి చూశాను. ఆ వదినెను పెళ్లాం అని టైపు కొట్టించి, కింద సంతకం పెట్టాడు. తోడుకున్న పెరుగు సగం తిన్నాక అడుగున బల్లిని చూసినట్టయింది నాకు. ఇన్నేళ్లు తిన్నదంతా కక్కుకోవాలనిపించింది.

అతనికి నరసింహస్వామి పేరు పెట్టారు. ఆ పేరు నోట పలకకూడదని ధర్మపురి గుడిలో కూడా స్వామి నామాన్ని మనసులోనే అనుకునేదాన్ని. అంత మర్యాద ఎవరికి చేశానో ఇప్పుడు తెలుస్తోంది.

జడ్జిగారు రెండు కాగితాలూ చూసి, ఇది ఇంటి వ్యవహారం, ముందు మధ్యవర్తి దగ్గర కూర్చొని మాట్లాడుకోండని పంపారు. కోర్టు ఆవరణలోనే దానికొక గది ఉందట. అక్కడ ఎవరూ తీర్పు చెప్పరట, ఇద్దరూ ఒప్పుకుంటేనే కాగితం రాస్తారట. శోభ ఫోన్ చేసింది. "పేరు ఏదైతేంది అమ్మా, నెలకింత వస్తె సాలు గద" అన్నది. దాని మీద కోపం రాలేదు. అది దవాఖానలో నీ పేరు మీద పుట్టిన పిల్ల.

నిన్ను మళ్లీ అడుగుతున్నాను. నీ పేరు అంత ధైర్యంగా రాయించాడంటే నీతో మాట్లాడకుండా రాయించడు. వచ్చాడా?

రాజకుమారి


బెల్లంపల్లి,
మే 15, 2012.

రాజకుమారీ,

వచ్చాడు. నీ మొదటి ఉత్తరం రాకముందే వచ్చాడు.

ఒక చీర, డజను గాజులు, కుంకుమ పొట్లం తెచ్చాడు. దుకాణంలో బిస్కెట్ సీసాల మధ్య పెట్టాడు. పిల్లలు చాక్లెట్లకు వచ్చి పోతున్నారు. వాళ్లు పోయేదాకా ఆగి చెప్పాడు. "వదినె, ఒక్కపారి కోర్టుల నిలబడు. బొట్టు పెట్టుకొని రా. గీన నా పెనిమిటే అను. నేను పోయినంక పించను నీకే వస్తది, కాయితంల నీ పేరే ఉన్నది" అన్నాడు. వదినె అని పిలిచాడు, పెళ్లాన్నని చెప్పమన్నాడు. రెండూ ఒకే ఊపిరిలో అన్నాడు. నవ్వు కూడా వచ్చింది నాకు.

నేను ఛీ అనలేదు. నీకు ఇది రాయాలని కూర్చొని రెండు కాగితాలు పాడుచేశాను. కానీ అనలేదు. అవునని కూడా అనలేదు. చూద్దాం అన్నాను.

నువ్వు అసహ్యపడతావు, పడు. నా సంగతి కూడా విను. కొలువులో దిగేనాడు మా మామ అతని దగ్గర మాట తీసుకున్నాడు, జీతంలో వదినెకు ఒక పాలు అని. రెండేళ్లు పంపాడు. తర్వాత లేదు. నేను మా అన్న ఇంట్లో అంట్లు తోమాను, తర్వాత ఈ దుకాణం పెట్టుకున్నాను. నా భర్త పేరు మీద జీతం వచ్చే ఇల్లు నీది. ఆ పేరుగల మనిషి ఎక్కడ చనిపోయాడు, అతని పెళ్లాం ఏం తింటున్నదని నువ్వు కూడా అడగలేదు. పండుగకు వస్తే మంచిగా చూసుకున్నావు, అది కాదనను.

అతను పోయాక దుకాణం తలుపు దగ్గరికి వేసి ఆ గాజులు చేతికి పెట్టి చూసుకున్నాను. ఎక్కలేదు. చెయ్యి లావెక్కింది. సబ్బు రాసి కూడా చూశాను.

పిలిచిన తారీఖుకు వస్తాను. ఎవరి పక్కన కూర్చుంటావని అడగకు. నాకే తెలియదు.

సారవ్వ


గోదావరిఖని,
జూలై 8, 2012.

అక్కా,

నీ ఉత్తరానికి వెంటనే జవాబు రాయలేకపోయాను. వారం రోజులు దేవుని గూటి ముందు దీపం పెట్టి లేచి వచ్చేశాను, కూర్చోలేదు. నీ మీద కోపం వచ్చింది. సబ్బు రాశానన్న మాట దగ్గర మాత్రం కోపం నిలవలేదు. నువ్వు అన్నది నిజం. నేను అడగలేదు. ఇప్పుడు ఎంత అడిగినా ఆలస్యమే.

మొదటిసారి కూర్చోవడం అయింది. చిన్న గది. ఒక గుండ్రటి బల్ల, కుర్చీలు, మంచినీళ్లు. మధ్యవర్తి మైత్రి మేడమ్ అని మంథని వాళ్ల అమ్మాయి, వకీలే. మెల్లగా మాట్లాడుతుంది. నాకు ప్రాణం కుదుటపడింది. ముందుగా ఒక మాట చెప్పింది. ఇక్కడ మీరు చెప్పింది ఏదీ నేను జడ్జిగారికి చెప్పను, ఎవరూ దీన్ని కోర్టులో సాక్ష్యంగా వాడుకోకూడదు, మనసు విప్పి మాట్లాడుకోవడానికే ఈ నియమం అన్నది. ఏడ్చేవాళ్ల కోసం, సిగ్గుపడేవాళ్ల కోసం పెట్టిన నియమం అయ్యుంటుంది.

అది విని అతను కుర్చీలో వెనక్కి వాలాడు.

"అవ్ మేడమ్, గీమె నా పెండ్లామే" అన్నాడు. "ధర్మపురిల లగ్గమైంది. ఊరంత ఎరుకే. అన్న సచ్చిపోతె అన్న పేరు మీద నేను దిగిన. నా అసలు పేరు నర్సింగం. గిదంత గీ గదిల మాట. కోర్టుల మాత్రం నేను రఘుపతినే."

చెప్పి, చాయ దొరుకుతుందా అని అడిగాడు.

నేను అబద్ధానికి సిద్ధపడి వెళ్లాను అక్కా. నిజానికి సిద్ధపడలేదు. కోర్టులో అతను అబద్ధం రాసినప్పుడు, పోనీ, భయపడి రాశాడు అనుకోవడానికి కొంచెం చోటుండేది. ఇప్పుడు అదీ లేదు. నేను అతని పెళ్లాన్నని అతనికి బాగా గుర్తుంది. ఖర్చు లేనిచోట ఆ మాటను ఉమ్మినట్టు అనేశాడు. అతను ముట్టుకున్న నీళ్ల గ్లాసు నా వైపు జరిపితే నేను తాగలేకపోయాను.

మేడమ్ కలం కింద పెట్టింది. అప్పుడు అడిగింది, బెల్లంపల్లి ఆమె మీరు చెప్పినట్టు చెప్పకపోతే ఏం చేస్తారని. "మా వదినె నా మాట దాటది" అన్నాడు. వచ్చేసారి నిన్ను తానే తీసుకొస్తానని చెప్పాడు. నన్ను విడిగా కూర్చోబెట్టి మేడమ్ నీకేం కావాలని అడిగింది. తలమీద ఈ కప్పు, పూటకింత అన్నం అన్నాను. అతను తిరిగి రావాలని అడగలేదు. నిరుడైతే అడిగేదాన్ని.

నువ్వు ఏం చెప్పినా నిన్ను ఏమీ అనను. నాకు కావలసినవే నీకూ కావాలి. వద్దనే హక్కు నాకు లేదు. ఒకటే అడుగుతున్నాను. అతను తెచ్చిన చీర కట్టుకొని వస్తే మాత్రం నా ముందు నుంచి రావొద్దు. వెనక నుంచి వేరే మెట్లున్నాయి.

రాజకుమారి


బెల్లంపల్లి,
ఆగస్టు 19, 2012.

చెల్లె రాజకుమారీ,

ముందటి మెట్ల మీది నుంచే వచ్చాను, చూశావు కదా. నువ్వు లేచి నిలబడ్డావు. నేను తల దించుకొని పోయాను. తిరిగి వచ్చేటప్పుడు కూడా మాట్లాడకుండా రైలుకు వేళైందని ఆటో ఎక్కాను. నోరు తెరిస్తే ఏడుపు వచ్చేది. మా మామ చేతి కింద ఆగిన ఏడుపు, దాన్ని కోర్టు మెట్ల మీద ఎందుకు పోసుకోవాలి? లోపల జరిగింది ఇప్పుడు రాస్తున్నాను.

రామగుండం స్టేషన్‌లో అతను ఎదురొచ్చాడు. నా ముఖం చూసి, "బొట్టేది వదినె?" అన్నాడు. "సంచిలున్నది" అన్నాను. అబద్ధం కాదు. అతను తెచ్చినవన్నీ సంచిలోనే ఉన్నాయి. దారంతా షేర్ ఆటోలో నా చేత పాఠం చెప్పించాడు. పక్కన కూర్చున్న ముసలాయన కూడా నేర్చుకొని ఉంటాడు.

నిన్ను బయట ఉంచి మమ్మల్ని లోపలికి పిలిచారు. ఆ పిల్ల మేడమ్ నన్ను అడిగింది, ఈయన మీ భర్తేనా అని. అప్పటి దాకా నాకు తెలియదు చెల్లె, ఏం చెబుతానో. పించను గుర్తొచ్చింది. నా ముఖం మీద బొట్టు లేదు, పక్కన నా భర్త అని కూర్చున్నవాడు ఉన్నాడు. అతను ఆ ఖాళీ నుదుటిని చూసి కూడా సిగ్గుపడలేదు, కుంకుమ పెట్టుకోవడం మరిచిపోయానని విసుక్కున్నాడు. నువ్వు ఫిబ్రవరిలో రాసిన చీదర నాకు ఆగస్టులో ఎక్కింది.

సంచిలోంచి చీర, గాజులు, కుంకుమ తీసి బల్ల మీద పెట్టాను.

"గివి తెచ్చినోడు గీడు. మా మరిది నర్సింగం. నా పెనిమిటి రఘుపతి, సచ్చి ముప్పై ఏండ్లు దాటింది. గీ గాజులు నా చేతికి ఎక్కలేదు మేడమ్. ఎక్కితె ఏమందునో నేను చెప్పలేను" అన్నాను.

అతను నవ్వాడు. ఈ గదిలో మాట బయటికి పోదన్నాడు.

"గీ గది నాకెందుకు? జడ్జి కాడికి బాట నాకు తెలుసు. గక్కడ గిట్లనే అంట, బొట్టు లేకుంటనే అంట" అన్నాను.

అప్పుడు నవ్వు పోయింది. మేడమ్ నన్ను బయట వరండాలో వెనకవైపు కూర్చోబెట్టి, అతనితో, అతని వకీలుతో మాట్లాడింది. మళ్లీ పిలిచేసరికి దిగివచ్చాడు. తర్వాత నీ సంతకం తీసుకునేటప్పుడు నీకు చదివి వినిపించే ఉంటారు, అతను రిటైరయ్యే దాకా క్వార్టర్‌లో నువ్వే ఉంటావు. జీతం పడే బ్యాంకు నుంచి నెలనెలా నీ ఖాతాలో పడుతుంది, తర్వాత పించనులోంచి. నాకూ ఒక పాలు రాయించింది, మా మామ తీసుకున్న మాట ప్రకారం. నేను వద్దనలేదు. వద్దనడానికి నేనేం సన్యాసిని కాదు.

ఇంకొకటి అడిగాను. వచ్చే పెత్రమాసకు, మంథని గోదావరి ఒడ్డున, అతనే స్వయంగా మా ఆయన పేరు పెట్టి, అందరికీ వినపడేటట్టు చెప్పి బియ్యం ఇవ్వాలని. చెల్లె, డబ్బు దగ్గర బేరమాడినవాడు దీని దగ్గర వణికాడు. "ఎంత కావాలంటె అంత ఇస్త వదినె, గదొక్కటి వద్దు. గా పేరుతోటే నేను రోజు లోపలికి దిగుత" అన్నాడు. కాగితంలో ఇది రాయలేనని, మాట మీద ఒప్పుకుంటే మీ ఇష్టమని మేడమ్ చెప్పింది. ఆఖరికి తల ఊపాడు.

నేను రాను. అతని నోట ఆ పేరు వింటే తట్టుకోలేను. నువ్వు పో. విను. ఒక్క మాట వదలకుండా నాకు రాయి.

నీ అక్క,
సారవ్వ


గోదావరిఖని,
అక్టోబర్ 18, 2012.

అక్కా,

నీ మాట ప్రకారం ఒక్క మాట వదలకుండా రాస్తున్నాను.

పెత్రమాస నాడు గోదావరి ఒడ్డున చాటలు, సంచులు పట్టుకొని ఎంతోమంది వచ్చారు. ఉమామహేశ్వర్ పంతులుగారి దగ్గర వరుసలో కూర్చున్నాను. నర్సింగం ఆలస్యంగా వచ్చాడు. నన్ను పలకరించలేదు. ఒక కవరులో బియ్యం తెచ్చాడు, నాసి రకం, వడ్ల మెరికెలున్నాయి. నేను ఇంటి నుంచి తెచ్చిన బియ్యం విస్తర్లలో పోసి ముందు పెట్టాను. పప్పు, ఉప్పు, చింతపండు, బీరకాయలు పెట్టాను. మా బావకు బీరకాయ ఇష్టమని నువ్వొకసారి అన్నావు.

పంతులుగారు పేర్లు చెప్పమన్నారు. మామ పేరు చెప్పాడు. బియ్యం వదిలాడు. అత్త పేరు చెప్పాడు. వదిలాడు. మూడో విస్తరి దగ్గర ఆగాడు. నీ కోసం చెవులు పెట్టుకొని కూర్చున్నాను. అతను నా వైపు ఒకసారి చూసి, తాత పేరు చెప్పాడు.

ఇంకెవరైనా ఉన్నారా అని పంతులుగారు అడిగారు. లేరన్నాడు.

అక్కడ కూడా, అక్కా. గోదావరి ముందు కూర్చొని, చేతిలో నువ్వులు పట్టుకొని, చచ్చిపోయిన అన్నను ఇంకొకసారి దాచాడు. ఇన్నాళ్లుగా నాకు కలిగిన అసహ్యమంతా ఆ ఒక్క "లేరు" ముందు ఏమీ కాదు.

నా గొంతు సంగతి నీకు తెలుసు. ఇంటి ముందు కూరగాయల బండిని పిలిచినా వినపడదు. భర్త పేరు, బావ పేరు ఏనాడూ నోటితో అన్నదాన్ని కాదు. లేచి నిలబడ్డాను.

"ఉన్నడు అయ్యా. ఇంకొకలున్నరు. రఘుపతి. గీయన అన్న."

చుట్టూ ఉన్నవాళ్లు తిరిగి చూశారు. మా లైనువాళ్లు కూడా కొందరున్నారు. అతను నా దగ్గరికి వంగి, పళ్ల మధ్య నుంచి అడిగాడు.

"గట్లయితె నేనెవల్నే?"

"నర్సింగానివి" అన్నాను.

అంతే అన్నాను. ఆకాశమేమీ విరిగి పడలేదు. మా లైనువాళ్లు ముఖాలు తిప్పుకున్నారు. ఎవరి ఇంట్లో ఏ పేరుందో ఎవరికి తెలుసు. పంతులుగారికి ఇవేమీ పట్టలేదు, ఎండ ఎక్కుతోంది, వెనక ఇంకా జనం ఉన్నారు. "గోత్రం అదే గద నాయనా, పేరు నువ్వనాలె, గట్టిగ అను" అన్నారు. అన్నాడు. మొదటిసారి గొంతులోంచి రాలేదు. పంతులుగారు మళ్లీ అనమన్నారు. రెండోసారి నాకు స్పష్టంగా వినపడింది, నా వెనక ఉన్నామెకూ వినపడి ఉంటుంది. రఘుపతి. సగం బియ్యం విస్తరి దాటి ఇసుకలో పడింది. ఇసుకలో పడినవి నేను ఏరి విస్తరిలో వేశాను. నీ భర్తకు బియ్యం అందింది అక్కా.

మెట్లెక్కుతూ అతను, రేపు మొదటి షిఫ్టు, లోపలికి ఎట్లా దిగాలని తనలో తాను అనుకుంటున్నట్టు అన్నాడు. ముఖం పాలిపోయింది. నాకు జాలి వస్తుందేమోనని ఎదురుచూశాను. రాలేదు. ఇది రాయడానికి భయంగా ఉంది, కానీ రాలేదు. దేవుణ్ణి మాత్రం అడిగాను, ఈ ఏవగింపు నాలో ఎప్పటికీ ఉంచొద్దని. తొందరేమీ లేదని కూడా చెప్పాను.

కోర్టు కాగితం నా చేతికి వచ్చింది. అందులో "రాజకుమారి, భర్త రఘుపతి" అని ఉంది. రఘుపతికి బియ్యం ఇచ్చి వచ్చాను. ఆ లెక్కన నేనేమవుతానో ఆ కాగితానికే తెలియాలి. మరునాడు అద్దం ముందు కుంకుమ భరిణె తీసి చెయ్యి ఆపుకున్నాను. తర్వాత పెట్టుకున్నాను. ఇన్నాళ్లు అతని ఆయుష్షుకని పెట్టుకున్నది, ఇప్పుడు అమ్మవారికని పెట్టుకున్నాను. నుదురు అదే, కుంకుమా అదే.

బ్యాంకులో ఖాతా తెరవడానికి పోయాను. "రాజకుమారి" అని పిలిచారు. ఎవరో లేస్తారని నేనూ అటూ ఇటూ చూశాను. రెండోసారి పిలిచాక తెలిసింది. ఇన్నేళ్లు నీ పేరు వింటే లేచినదాన్ని, నా పేరుకు లేవడం కొత్తగా ఉంది. నీ పేరు నీకు తిరిగి ఇస్తున్నాను అక్కా. బాగానే వాడుకున్నాను, మాపలేదనుకుంటాను.

నీ చేతి రాతలు నా దగ్గర దేవుని గూటి వెనక ఉన్నాయి. నావి కూడా అలాగే పెట్టు. దుకాణంలో పొట్లాలు కట్టడానికి తీయకు, చింపకు. ఎవరికీ చూపకు, శోభకు కూడా చూపకు. బయటపడితే అతని కొలువు పోతుంది, మన ఇద్దరి అన్నం పోతుంది. కంపెనీలో, కోర్టులో, దవాఖానలో అన్నీ తారుమారుగానే రాసి ఉన్నాయి. ఎవరు చనిపోయారో, ఎవరు ఎవరి భార్యో సరిగ్గా ఉన్నది ఈ కాగితాల్లోనే. అందుకే దాచు.

నీ చెల్లె,
రాజకుమారి